నాట్ల పాటకు మెషిన్ బీటు: డిలన్ నుంచి 808 డ్రమ్ మెషిన్ దాకా ఇదే గొడవా?

ఖమ్మం_రేడియో | శనివారం, రాత్రి 9:12

అందరికీ నమస్కారం. ఇక్కడ నేను చదవడమే గానీ రాసింది తక్కువ. ఇంట్లో ఒక పంచాయితీ తెగట్లేదు, అందుకే అడుగుతున్నా.

మా అక్క నాట్ల పాటలు బాగా పాడుతుంది. పోయిన వానాకాలం మడిలో పాడుతుంటే మా మేనల్లుడు ఫోనులో రికార్డు చేశాడు. వాడికి హైదరాబాదులో ఉద్యోగం, రాత్రుళ్లు లాప్‌టాప్‌లో పాటలు చేసుకుంటూ ఉంటాడు. అక్క గొంతు కింద మెషిన్ డ్రమ్ములు, గుండె అదిరే బేస్ వేసి దసరాకి ఇంటికొచ్చి వినిపించాడు. మా బావ రెండు నిమిషాలు విని లేచిపోయాడు. "మీ అమ్మ పాటని పిండిమరలో పోశావు కదరా" అన్నాడు. అక్క మాత్రం ఏమీ అనలేదు, లోపలికెళ్లి అన్నం వడ్డించింది. అప్పట్నుంచీ తండ్రీకొడుకుల మధ్య మాటలు పొడిపొడిగానే.

1965లో అమెరికా గాయకుడు బాబ్ డిలన్ న్యూపోర్ట్ జానపద ఉత్సవంలో ఎలక్ట్రిక్ గిటార్ పట్టుకుంటే జనం గోల చేశారనీ, పీట్ సీగర్ అనే జానపద గాయకుడు గొడ్డలితో వైర్లు నరకబోయాడనీ ఎక్కడో చదివా. గిటార్ ఒక్కటి పట్టుకుని సొంత పాట పాడుకునే మనిషి దగ్గర్నుంచి, పాడే మనిషే కనపడని ఎలక్ట్రానిక్ మోత దాకా పాట ఎలా వచ్చింది? దారిపొడవునా ఇదే గొడవేనా? తెలిసినవాళ్లు చెప్పండి, మా బావకి చదివి వినిపిస్తా.

పాత_టేపు | శనివారం, రాత్రి 10:05

ముందు ఆ గొడ్డలి సంగతి తేల్చేద్దాం మాస్టారూ. సీగర్ గొడ్డలి పట్టుకోలేదు. "గొడ్డలి ఉంటే ఆ కేబుల్ నరికేసేవాణ్ణి" అని మాత్రం అన్నాడు. ఆయనే తర్వాత చాలాసార్లు ఒప్పుకున్నాడు కూడా. ఎందుకన్నాడన్నదే అసలు విషయం. ఆ రోజు సౌండ్ అంతా చిదిమినట్టు వచ్చింది, డిలన్ ఏం పాడుతున్నాడో ఒక్క మాట అర్థం కాలేదు. తన కోపం ఎలక్ట్రిక్ గిటార్ మీద కాదు, పదాలు వినపడకపోవడం మీద అని ఆయన వివరణ.

జరిగింది ఇది. జులై 25, ఆదివారం రాత్రి. బ్యాండుతో మూడే పాటలు పాడి డిలన్ దిగిపోయాడు. గోల మొదలైంది. మళ్లీ మామూలు గిటార్‌తో వచ్చి ఇంకో రెండు పాడాడు. ఆ గోల ఎందుకన్నదాని మీద అప్పటివాళ్లలోనే మూడు పార్టీలు. కరెంటు గిటార్ నచ్చక అని కొందరు, సౌండు దరిద్రంగా ఉండి అని కొందరు, ఇంత దూరం వస్తే మూడు పాటలకే దిగిపోతాడా అని కొందరు. నా లెక్కలో మూడూ నిజమే. మరుసటి ఏడు మే నెలలో మాంచెస్టర్‌లో ఒకడు డిలన్‌ని "జూడాస్!" (ఏసుని పట్టిచ్చిన యూదా, అంటే ద్రోహీ అని) అరిచాడు చూడండి, అది మాత్రం అచ్చంగా గిటార్ మీద కోపమే.

ఇక "సొంత పాట పాడుకునే మనిషి" గురించి. ఆ వరసకి పెద్దాయన వుడీ గత్రీ. 1912లో ఓక్లహోమాలో పుట్టాడు. దుమ్ము తుపాన్లకు పొలాలు పోయి కాలిఫోర్నియాకు వలసపోయిన రైతుల పాటలు కట్టాడు. ఆయన బాణీలు చాలావరకు పాతవే. జనం నోట్లో ఉన్న బాణీకి కొత్త మాటలు అమర్చేవాడు. ఇది మనకేం కొత్త? జన నాట్య మండలి చేసిందీ అదే, ఉత్తరాంధ్రలో వంగపండు చేసిందీ అదే. డిలన్ 1961 జనవరిలో న్యూయార్క్ చేరగానే ఆస్పత్రిలో ఉన్న గత్రీని వెతుక్కుంటూ వెళ్లాడు. 1962లో వచ్చిన అతని మొదటి ఎల్పీలో సొంత పాటలు రెండంటే రెండు, ఒకటి గత్రీ మీదే. మిగతావి ఊరి పాటలూ, బ్లూస్ అనే నల్లజాతివాళ్ల పాత పాటలూ. తన పాట తనే రాసుకుని పాడటమన్నది ఆ తర్వాతే రివాజయింది.

గద్దర్ అనగానే గుర్తొచ్చే "బండెనక బండి కట్టి" కట్టింది ఆయన కాదు, బండి యాదగిరి. తెలంగాణ సాయుధ పోరాట కాలపు పాట. "మా భూమి" సినిమాలో గద్దర్ పాడాక పాట ఆయనదైపోయింది. జానపదంలో "ఎవరిది" అన్న ప్రశ్న ఎప్పుడూ జారుడుబండే.

డెట్రాయిట్_బాబాయ్ | శనివారం, రాత్రి 11:40

పాత_టేపు గారూ, మీరు వదిలేసిన ముక్క ఒకటి ఉంది, నాకైతే న్యూపోర్ట్ కథ మొత్తంలో అదే ఇష్టం.

డిలన్ పాడటానికి ముందు రోజు, అంటే శనివారం, పాల్ బటర్‌ఫీల్డ్ బ్యాండ్ కరెంటు గిటార్లతో బ్లూస్ వాయించింది. వాళ్లను పరిచయం చేస్తూ అలన్ లోమాక్స్ కాస్త ఎత్తిపొడిచాడు. డిలన్ మేనేజర్ గ్రాస్‌మన్‌కి మండింది. ఇద్దరూ పెద్ద శరీరాలు, కిందపడి దొర్లి కొట్టుకున్నారు. మరునాడు డిలన్ వెనక వాయించినవాళ్లలో ఆ బ్యాండువాళ్లే ఎక్కువ.

ఈ లోమాక్స్ ఎవరు? ఊరూరా తిరిగి జానపదాలు రికార్డు చేసిన మహానుభావుడు. 1941లో మిసిసిపీలో ఒక పత్తి తోటకి వెళ్లి అక్కడ పనిచేసే కుర్రాడి పాట రికార్డు చేశాడు. ఆ కుర్రాడే మడ్డీ వాటర్స్. 1943లో అతను షికాగో వలస వెళ్లాడు. అక్కడి బార్లలో తాగినవాళ్ల కేకలు, గ్లాసుల చప్పుళ్ల మధ్య మామూలు గిటార్ వాయిస్తే పక్క టేబుల్‌కి కూడా వినపడదు. అందుకే కరెంటు గిటార్ పట్టాడు. పల్లె పాట పట్నానికొచ్చి గొంతు పెంచుకుంది, అంతే. 1958లో ఇంగ్లండ్ వెళ్తే అక్కడి జానపద ప్రియులు చెవులు మూసుకున్నారు, వాళ్లు ఊహించుకున్నది పొలంలో కూలీని. పాఠం నేర్చుకుని కొన్నేళ్లకు మామూలు గిటార్‌తో వెళ్తే ఈసారి జనం "ఎలక్ట్రిక్ ఏదీ?" అన్నారు. పాపం!

అంటే లోమాక్స్ పొలంలో రికార్డు చేసిన మనిషే కరెంటు బ్లూస్‌కి పెద్దదిక్కయ్యాడు, ఆ బ్లూస్ వాయించిన పిల్లల విషయంలోనే ఇరవై నాలుగేళ్ల తర్వాత లోమాక్స్ కుస్తీకి దిగాడు.

ఆక్టాప్యాడ్_అన్న | ఆదివారం, ఉదయం 7:20

అన్నా, మీరంతా మంచిగ రాస్తున్నరు. కానీ మీ బావ కోపంలో ఇంకో ముక్క కూడా ఉండొచ్చు, పని చేసేవాడిగా చెప్తా.

మాది కరీంనగర్ దిక్కు. ఇరవై రెండేళ్లుగా ఆర్కెస్ట్రాల్లో ప్యాడ్ కొడుతున్నా. తెలియనోళ్ల కోసం: పళ్లెమంత డబ్బా మీద ఎనిమిది రబ్బరు చదరాలు. నా సెట్టింగులో పై వరసలో తవిల్, డోలక్ కుడి, డోలక్ ఎడమ, చప్పట్లు. కింద డప్పు, కంజిర, గజ్జెలు, బేస్. రెండు పుల్లలు, ఒక మనిషి. వెనక ఐదు పిన్నుల రంధ్రం ఉంటది, దానికి వైరు గుచ్చి కీబోర్డుకి కలిపితే రెండూ మాట్లాడుకుంటాయి.

నేను మొదలుపెట్టినప్పుడు పెళ్లికి తొమ్మిది మందిమి వ్యానులో పోయేది. ఇప్పుడు ముగ్గురం, అదీ నా కారులోనే. ఆ ఆరుగురు ఏమయ్యారంటే ఒకాయన సెక్యూరిటీ గార్డు, ఇద్దరు గల్ఫ్ పోయిన్రు. మా డోలక్ ఆయన దగ్గరే నేను పుల్ల పట్టుడు నేర్చుకున్న. ఆయన చేతి దెబ్బనే రికార్డు చేసుకుని నా ప్యాడ్‌లో పెట్టుకున్న. అడిగే పెట్టుకున్న. కానీ మనసులో ముల్లు ఉంది. మెషిన్ పాటను చంపుతదా లేదా నాకు తెల్వదు, కూలీ మాత్రం తగ్గిస్తది.

వీణ_టీచర్ | ఆదివారం, ఉదయం 9:02

అన్నా, మీ పోస్టు రెండుసార్లు చదివాను.

మన దగ్గర గొడవ ఇంకా వెనకటిది. మా తాతగారు పౌరాణిక నాటకాలకు హార్మోనియం వాయించేవారు. పద్యం ఎత్తుకోవాలంటే "పెట్టె" ఉండాల్సిందే కదా. అలాంటి పెట్టెని 1940లో ఆలిండియా రేడియో నిషేధించింది. దాని మెట్లు కదలవు, గమకం పలకదు, పరదేశీ వాయిద్యం అని అభ్యంతరం. 1971 దాకా ఆ తలుపు తెరుచుకోలేదు. ఇప్పుడు హార్మోనియం లేని హరికథనో భజననో ఊహించండి చూద్దాం. అప్పుడు అది "మెషిన్", ఇప్పుడు "సంప్రదాయం".

ఇంకొకటి. ఇవాళ కచేరీలో గాయని వెనక తంబూరా మీటే మనిషి ఉంటే అదృష్టమే. చాలాచోట్ల ఆ పని చేసేది చిన్న ఎలక్ట్రానిక్ డబ్బా. బెంగళూరు ఇంజనీరు జి. రాజ్ నారాయణ్ 1979లో చేశారు. ఎవరూ లేచి "జూడాస్" అనలేదు.

అసలు మన డిలన్ పాలకొల్లులో పుట్టాడు. మాండొలిన్ శ్రీనివాస్. మామూలు మాండొలిన్‌లో మీటిన స్వరం రెప్పపాటులో ఆరిపోతుంది. గమకం లాగడానికి మధ్యలో నాదమే మిగలదు. అందుకని ఎలక్ట్రిక్ వాయిద్యం పట్టి, నాలుగు జతల తంతులు తీసేసి ఐదు ఒంటి తంతులు కట్టుకున్నారు. 1978లో గుడివాడ త్యాగరాజ ఆరాధనలో మొదటి కచేరీ, అప్పటికి తొమ్మిదేళ్లు! 1981లో మద్రాసు. పాశ్చాత్య వాయిద్యమని గొణిగినవాళ్లు గొణిగారు. పిల్లాడు రాగం ఎత్తుకున్నాక గొణుగుడు ఆగింది. 1995లో కెనడా గిటారిస్టు మైకేల్ బ్రూక్‌తో కలిసి ఎలక్ట్రానిక్ ధ్వనుల మధ్య ఒక ఆల్బం కూడా చేశారు. మరి న్యూపోర్ట్‌లో అరిచారు, గుడివాడలో అరవలేదు. ఎందుకు? శ్రీనివాస్ కరెంటు వాడింది రాగం ఇంకా స్పష్టంగా వినపడటానికి. డిలన్ రోజున మాట వినపడకుండా పోయింది. సీగర్ బాధ నాకు అర్థమవుతుంది.

ఖమ్మం_రేడియో | ఆదివారం, ఉదయం 10:30

అమ్మా, ఆ చివరి ముక్క బావకి వినిపించా. "ఆమె ఎవరో సరిగ్గా చెప్పింది" అన్నాడు. ఫోను మాత్రం తిరిగి ఇచ్చేశాడు.

గిటార్‌కి కరెంటు పెట్టడం అర్థమైంది. తీగ ఉంది, మీటే చెయ్యి ఉంది. మరి తీగే లేని శబ్దం ఎక్కణ్ణుంచి వచ్చింది?

లాప్‌టాప్_లయ | ఆదివారం, మధ్యాహ్నం 1:15

ఇది నా ఏరియా 🙂 కాస్త పొడుగవుతుంది, సారీ.

రష్యాలో థెరెమిన్ అనే ఆయన ముట్టుకోకుండా వాయించే వాయిద్యం చేశాడు. గాలిలో చెయ్యి ఆడిస్తే స్వరం మారుతుంది. 1922లో లెనిన్‌కి కూడా చూపించాడు. అమెరికాలో బాబ్ మూగ్ అనే కుర్రాడు చిన్నప్పట్నుంచీ ఈ థెరెమిన్లు తయారుచేసి అమ్మేవాడు. 1964లో హెర్బ్ డాయిష్ అనే స్వరకర్తతో కూర్చుని, కరెంటుతోనే శబ్దం పుట్టించే సింథసైజర్ (సింథ్) తయారుచేశాడు. బీరువాంత పెట్టె, టెలిఫోన్ ఎక్స్చేంజిలో లాగా నిండా వైర్లు. ఏ వైరు ఎక్కడ గుచ్చితే ఆ శబ్దం. గది వేడెక్కితే శ్రుతి జారిపోయేది. పైగా ఒకసారికి ఒక్క స్వరమే పలుకుతుంది.

దాన్ని ఇంటింటికీ తెచ్చింది వెండీ కార్లోస్. పాత జర్మన్ స్వరకర్త బాఖ్ సంగీతాన్ని ఒక్కో వరస వాయించి, టేపు మీద ఒకదాని మీద ఒకటి పేర్చి 1968లో రికార్డు వేసింది. మధ్యమధ్యలో శ్రుతి చేసుకుంటూ నెలల తరబడి పని. మూడు గ్రామీలొచ్చాయి. అప్పటిదాకా "అంతరిక్షం సినిమాల చప్పుడు" అనుకున్నది సంగీతమని జనానికి తెలిసింది.

తర్వాత జర్మనీ. డ్యూసెల్‌డార్ఫ్‌లో రాల్ఫ్ హ్యూటర్, ఫ్లోరియన్ ష్నైడర్ కలిసి నడిపిన క్రాఫ్ట్‌వెర్క్. 1974లో హైవే మీద కారు ప్రయాణాన్ని ఇరవై రెండు నిమిషాలకు పైగా పాటగా చేశారు. హారన్, పక్కనుంచి దూసుకుపోయే బండి, అన్నీ పాటలోనే. డ్రమ్ములు కూడా సొంతంగా చేసుకున్న కరెంటు పళ్లేలు, పుల్లతో తాకిస్తే మోగేవి. ఆక్టాప్యాడ్_అన్నా, అవి మీ ప్యాడ్‌కి తాతలు.

ఇక 1977. మ్యూనిక్‌లో జార్జియో మొరొడర్, పీట్ బెలోట్ కలిసి గాయని డోనా సమ్మర్‌తో "ఐ ఫీల్ లవ్" చేశారు. అప్పటి డిస్కో అంటే వయొలిన్లు, బాకాలు, పెద్ద ఆర్కెస్ట్రా. వీళ్లు గొంతు ఒక్కటి ఉంచి మిగతాదంతా మూగ్ సింథ్‌తో నింపారు. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వినండి: బేస్ ఒక చెవిలో పలికిన మరుక్షణం దాని ప్రతిధ్వని రెండో చెవిలో పలుకుతుంది. వాయించింది సగమే, మిగతా సగం ప్రతిధ్వని పూరిస్తుంది. అందుకే అది పరుగెడుతున్నట్టు ఉంటుంది. తమాషా ఏంటంటే, కింద "ధం ధం" మనే కిక్ డ్రమ్ మాత్రం మెషిన్‌కి సరిగ్గా రాలేదు. కీత్ ఫోర్సీ అనే మనిషి కూర్చుని కాలితో తొక్కాడు. ప్రపంచానికి మెషిన్ డాన్సు నేర్పిన పాటలో గుండె చప్పుడు మనిషిదే.

వీణ_టీచర్ | ఆదివారం, మధ్యాహ్నం 2:00

ఒకసారికి ఒక్క స్వరమే అంటే వాళ్లకు లోటు గానీ మనకేం లోటు బాబూ? నాదస్వరం పలికేదీ అంతేగా! అన్నట్టు మూగ్ మన దేశానికి ఎప్పుడొచ్చిందో తెలుసా? 1969లోనే, అహ్మదాబాద్‌లో డిజైన్ నేర్పే సంస్థ ఎన్ఐడీకి. అమెరికా సంగీతకారుడు డేవిడ్ ట్యూడర్ వచ్చి స్టూడియో పెట్టించాడు. గీతా సారాభాయ్, అతుల్ దేశాయ్, మరికొందరు మూడు నాలుగేళ్లు దాని మీద ప్రయోగాలు చేశారు. టేపులన్నీ అలమరాలో మూలపడి, ఈమధ్య 2023లో రికార్డుగా బయటికొచ్చాయి.

పాత_టేపు | ఆదివారం, సాయంత్రం 5:45

అన్నీ విన్నాను. క్రాఫ్ట్‌వెర్క్ కూడా విన్నాను, మా అబ్బాయి బలవంతం మీద. క్షమించాలి, నాకది ఫ్రిజ్ శబ్దంలా ఉంది. గత్రీ గొంతులో దుమ్ము ఉంటుంది, గద్దర్ గొంతులో చెమట ఉంటుంది. ఇందులో ఏముంది?

డెట్రాయిట్_బాబాయ్ | ఆదివారం, రాత్రి 8:10

పెద్దాయన కోప్పడకండి. తమ పాటను హ్యూటర్ ఏమన్నాడో తెలుసా? "కార్ఖానాల జానపదం" అనే అర్థం వచ్చే మాట. వాళ్లు పెరిగింది రైన్ నది ఒడ్డున, ఫ్యాక్టరీల మధ్య. అక్కడి పిల్లాడు చిన్నప్పట్నుంచీ వినే చప్పుడు మెషిన్‌దే. మడిలో నాట్ల పాట పుట్టినట్టు అక్కడ అది పుట్టింది.

ఆ పాటని అందరికంటే బాగా అర్థం చేసుకున్నది ఇంకో కార్ఖానాల ఊరు, మేముండే డెట్రాయిట్. పక్కనున్న బెల్‌విల్‌లో ముగ్గురు నల్లజాతి స్కూలు పిల్లలు, వాన్ అట్‌కిన్స్, డెరిక్ మే, కెవిన్ సాండర్సన్, రాత్రి రేడియోలో క్రాఫ్ట్‌వెర్క్ విని పెరిగారు. ఎనభైల్లో వాళ్లు మొదలుపెట్టిన మెషిన్ డాన్సు సంగీతమే టెక్నో. నేను పద్దెనిమిదేళ్లుగా ఇక్కడ కార్ల కంపెనీల్లో కాంట్రాక్టు పని చేస్తున్నా. అసెంబ్లీ లైను పక్కన ఓ గంట నిలబడి చూడండి, టెక్నో ఎక్కణ్ణుంచి వచ్చిందో ఎవరూ చెప్పక్కర్లేదు. ఏటా మే ఆఖర్లో డౌన్‌టౌన్‌లో నది ఒడ్డున మూడు రోజుల జాతర జరుగుతుంది. ఓసారి మా ఆవిడని తీసుకెళ్తే "బోనాల్లో డప్పు దగ్గర నిలబడ్డట్టుంది, పూనకం ఒక్కటే తక్కువ" అంది.

మెషిన్ల గురించి చెప్పాలి. జపాన్ కంపెనీ రోలాండ్ 1980లో టీఆర్-808 అనే డ్రమ్ మెషిన్ తెచ్చింది. అదే ఏడాది అమెరికాలో వచ్చిన లిన్ డ్రమ్ మెషిన్‌లో నిజం డ్రమ్ముల రికార్డింగులుండేవి, ధర ఐదు వేల డాలర్లకు దగ్గర. 808 ధర పన్నెండు వందలకు దగ్గర, కానీ అందులో నిజం డ్రమ్మే లేదు, అంతా సర్క్యూట్ పుట్టించిన శబ్దం. "ఇదేం డ్రమ్ము, టిక్‌టిక్ బొమ్మ" అన్నారు. దాని లోపల ఒక రకం ట్రాన్సిస్టర్లు, మామూలు లెక్కలో పనికిరావని తీసేసిన లోపం సరుకు, వాడారు. ఆ లోపం వల్లే ఆ "చ్‌స్స్" శబ్దం. తర్వాత ఫ్యాక్టరీలు బాగుపడి లోపం సరుకు రావడం ఆగింది, 1983లో 808 కూడా ఆగింది. మొత్తం చేసింది పన్నెండు వేల లోపే అంటారు.

ఆగాక మొదలైంది దాని జీవితం. సెకండ్ హ్యాండ్ షాపుల్లో చవగ్గా దొరికింది. న్యూయార్క్, షికాగో, డెట్రాయిట్ పేద పేటల పిల్లలు కొనుక్కున్నారు. ఆగకముందే, 1982లోనే న్యూయార్క్ డీజే ఆఫ్రికా బంబాటా క్రాఫ్ట్‌వెర్క్ బాణీని 808 మీద ఎక్కించాడు. హిప్‌హాప్‌కి ఆ "బూఊమ్" వచ్చింది దాన్నుంచే. ఖమ్మం_రేడియో గారూ, మీ మేనల్లుడి "గుండె అదిరే బేస్" దాదాపు ఖాయంగా 808 కిక్కే, సాగదీసినది.

లాప్‌టాప్_లయ | ఆదివారం, రాత్రి 9:25

దాని తమ్ముడు టీబీ-303ని మర్చిపోవద్దు. 1981లో వచ్చింది. ఒంటరిగా ప్రాక్టీసు చేసుకునే గిటారిస్టులకు బేస్ వాయించి పెడుతుందని అమ్మారు. బేస్ గిటార్‌లా అస్సలు ఉండదు, పాట ఎక్కించడం నరకం. 1984లో ఆపేశారు. షికాగోలో ఫ్యూచర్ అనే కుర్రాళ్ల జట్టు సెకండ్ హ్యాండ్ 303 కొని, వాడటం రాక బొత్తాలు ఇష్టమొచ్చినట్టు తిప్పారు. ఆ జారుడు, ఆ కీచుమనడం, అదే 1987లో యాసిడ్ హౌస్ అనే డాన్సు సంగీతం అయింది.

కానీ అంతకు ఐదేళ్ల ముందే మనవాడు చేశాడు! బొంబాయి సినిమా ఆర్కెస్ట్రాల్లో వాయించిన చరణ్‌జిత్ సింగ్. 808, 303, జూపిటర్-8 సింథ్ మూడూ దగ్గర పెట్టుకుని 1982లో పది రాగాలను డిస్కో బీటు మీద వాయించాడు. హెచ్ఎంవీ వేసింది. యాసిడ్ హౌస్ కనిపెట్టింది ఇండియావాడే!!

పాత_టేపు | ఆదివారం, రాత్రి 9:50

ఆ మూడు ఆశ్చర్యార్థకాలు వాట్సాప్ ఫార్వర్డుల్లో ఉంటాయి నాయనా. ఆ రికార్డు అప్పట్లో అమ్ముడుపోలేదు. షికాగో పిల్లలు దాన్ని వినలేదు. 2010లో డచ్చివాళ్లు మళ్లీ వేశాకే లోకానికి తెలిసింది. ఒకే మెషిన్ ఇద్దరి చేతిలో పడి ఒకే రకం శబ్దం పలికింది, అంతే. కనిపెట్టడం వేరు, ముందుగా తాకడం వేరు.

అయినా రికార్డు అద్భుతం. ఇది నేనే ఒప్పుకుంటున్నాను, రాసిపెట్టుకోండి.

వీణ_టీచర్ | ఆదివారం, రాత్రి 10:15

రాసిపెట్టుకున్నాను. ఇప్పుడే విన్నాను కూడా. భైరవ్ అంటే మన మాయామాళవగౌళ, సరళీస్వరాలు నేర్చుకున్న ఎవరికైనా తెలిసిపోతుంది. మాల్కౌన్స్ మన హిందోళం. నాకు తోచిందేమిటంటే ఆ 303లో ఒక స్వరం నుంచి ఇంకోదానికి జారే సౌకర్యం ఉంది. హార్మోనియానికి లేనిది అదే! గిటారిస్టుకి పనికిరాని గుణం మన రాగానికి చుట్టమైంది.

నాట్ల_బీటు | సోమవారం, రాత్రి 12:48

మామా. నాతో ఒక్క మాట చెప్పకుండా మన ఇంటి సంగతి ఇక్కడ పెట్టావా? ఫ్రెండు లింకు పంపితే తెలిసింది. ఈ ఐడీ ఇప్పుడే చేశా.

సరే, అందరికీ నమస్తే. బేస్ 808 కిక్కే, బాబాయ్ కరెక్ట్. బీటు నిమిషానికి 100లో పెట్టా. అమ్మ గొంతు ఒక్కోచోట ముందుకీ వెనక్కీ వెళ్తోంది, దాన్ని కోసి లాప్‌టాప్‌లో బీటు గీతల మీదికి లాగా. వాన చప్పుడు, పక్కవాళ్ల మాటలు తీసేశా. క్లీన్‌గా వచ్చింది. నాన్నకి ఏం నచ్చలేదో చెప్పట్లేదు. చెప్తే మార్చేవాణ్ణి కదా.

లాప్‌టాప్_లయ | సోమవారం, రాత్రి 1:05

బ్రో, గీతల మీదికి లాగావా... అక్కడే పోయింది. నేనూ ఇదే తప్పు చేశా, మా అమ్మమ్మ లాలిపాటతో.

వీణ_టీచర్ | సోమవారం, ఉదయం 6:30

బాబూ, నాట్లప్పుడు ఒకరు పాట ఎత్తుకుంటే మిగతావాళ్లు అందుకుంటారు. ఆ అందుకునే వరసలు తీసేశావా? పక్కవాళ్ల మాటలంటే అవేనా?

నాట్ల_బీటు | సోమవారం, ఉదయం 8:11

కొన్ని అవే అనుకుంటా. కాస్త గందరగోళంగా ఉన్నాయని తీసేశా.

ఆక్టాప్యాడ్_అన్న | సోమవారం, ఉదయం 8:40

తమ్ముడూ, నా మాట విను. నాటు వేసేటప్పుడు నడుము వంగి ఉంటది, మొక్క గుచ్చినప్పుడు ఊపిరి ఆగుతది, అప్పుడు పదం ఆగుతది. వరస చివరికి వచ్చేసరికి పాట వేగం అందుకుంటది. అది తాళం తప్పుడు కాదు, అదే తాళం. మేం స్టేజి మీద జానపదం పాడే పెద్దమ్మలకు వాయించేటప్పుడు లూప్ వెయ్యం. ఆమె కాలు చూసి కొడతాం. నువ్వు అమ్మ గొంతును బీటుకు కట్టినవ్, బీటును అమ్మ గొంతుకు కట్టు. ముందు గొంతు ఒక్కటే పెట్టుకుని వేళ్లతో కొట్టు, అది రికార్డు చెయ్యి, ఆ దెబ్బల మీద నీ 808 పెట్టు. రెండు రాత్రుల పని.

లాప్‌టాప్_లయ | సోమవారం, ఉదయం 9:00

+1. టెంపో మ్యాప్ చెయ్యి, అంటే గొంతు వేగం ఎక్కడెలా మారుతోందో గుర్తు పెట్టు. కీబోర్డో ప్యాడో ఉంటే గొంతు వింటూ కొట్టు, మిడి రికార్డవుతుంది. 1983లో కంపెనీలన్నీ కలిసి ఈ మిడి అనే ఒకే భాష ఒప్పుకున్నాయి కాబట్టి అన్న ప్యాడూ నీ లాప్‌టాపూ ఇవాళ్టికీ ఒకదాని మాట ఇంకోటి వింటాయి. క్వాంటైజ్ మాత్రం నొక్కకు, దెబ్బల్ని మళ్లీ గీతల మీదికి లాగేస్తుంది. చెయ్యి వణికితే వణకనీ. వాన చప్పుడు వెనక్కి పెట్టెయ్, నీ పాటకి హై-హ్యాట్ (డ్రమ్ముల పక్కన కొట్టే తాళాలు) అదే.

పాత_టేపు | సోమవారం, సాయంత్రం 4:20

మాటలు వినపడేట్టు చూడు బాబూ. నేను కోరేది అదొక్కటే. తర్వాత నీ ఫ్రిజ్ ఎంత మోగినా పర్లేదు.

ఖమ్మం_రేడియో | మరుసటి ఆదివారం, రాత్రి 9:30

అప్‌డేట్. వాడు నిన్న బస్సెక్కి వచ్చాడు. పాట మళ్లీ చేసుకొచ్చాడు. ఈసారి మొదటి నిమిషం బీటే లేదు, వాన, అక్క గొంతు, వెనక అందుకునే ఆడవాళ్లు. తర్వాత ఆ బేస్ ఎక్కడో దూరంగా, పక్క ఊళ్లో మోటారు ఆడుతున్నట్టు మొదలై దగ్గరికొచ్చింది. బావ పేపరు చూస్తున్నట్టు కూర్చున్నాడు గానీ పేజీ తిప్పలేదు. అయిపోయాక "కరెంటు వాడకం తగ్గించాడు" అన్నాడు. అంతే అన్నాడు.

అక్క మాత్రం ఈసారి నోరు విప్పింది. వాణ్ణి కూర్చోబెట్టి, "వెనక పాడేది మన సీతమ్మత్త గొంతు, పోయినసారి ఆమెను తీసేశావేంటి? పోయిన నెల ఆమె పోయింది తెలుసా" అంది. వాడికి తెలీదు. కాసేపు ఎవరం మాట్లాడలేదు. మళ్లీ అక్కే, "ఇంకోటి, నాలుగో చరణం ఏదిరా?" అంది.

ఫోనులో ఆ ముక్క రికార్డు కాలేదట, ఎవరిదో కాల్ వచ్చిందట. ఇప్పుడు వంటింట్లో అక్క పాడుతోంది, వీడు ఫోను పట్టుకుని నిలబడ్డాడు. కుక్కరు విజిల్ వేస్తోంది, అయినా ఆపట్లేదు.